సముద్రయానం – ధర్మం

సంతానం విద్యార్థమో ఉద్యోగార్థమో సముద్రాలు దాటినప్పుడు, నందిగామ, జగ్గయ్యపేట ప్రాంతాల వృద్ధ మాతాపితలను ఒక సందేహం పీడిస్తూ ఉంటుంది: సముద్రయానం దోషం కదా? బౌధాయన ధర్మసూత్రం దానిని పతనీయాలలో చేర్చిన మాట సత్యమే. అయితే సముద్రమధ్యంలో చిక్కిన భుజ్యుని అశ్వినీదేవతలు నూరు తెడ్ల నావపై ఇల్లు చేర్చిన వృత్తాంతం ఋగ్వేదంలోనే ఉన్నది.

ఈ మెట్టసీమకు సాగరం పరాయిది కాదు. పాలేరు, మునియేరు కృష్ణవేణిలో కలుస్తాయి. కృష్ణవేణి సాగరాన్ని చేరుతుంది. దిగువన ఉన్న ఘంటసాలయే టాలెమీ పేర్కొన్న కొంటకోసిల అనే వాణిజ్యస్థానమని చరిత్రకారుల నిర్ణయం. అక్కడి ప్రాకృత శాసనంలో శివకుడనే మహానావికుని నామం కనబడుతుంది. ఈ తీరసీమలో సన్నని నూలువస్త్రాలు విస్తారంగా తయారవుతాయని 1వ శతాబ్దపు గ్రీకు నౌకాగ్రంథం తెలిపింది. శాతవాహనుల నాణేలపై రెండు కొయ్యల ఓడ ముద్రితమైనది.

కాలక్రమంలో సముద్రం వెనుకకు జరిగింది. నేడు ఘంటసాల పొలాల నడుమ ఉన్న గ్రామం. నాటి వర్తకుల ధనరాశులు ఏమైనవో ఎవరెరుగుదురు? కాని ఇక్ష్వాకు వీరపురుషదత్తుని 20వ రాజ్యసంవత్సరంలో సిద్ధార్థుడనే శిల్పి జగ్గయ్యపేట చైత్యం వద్ద ఐదు ఆయక స్తంభాలను నిలిపి, సర్వప్రాణి హితాన్ని కోరాడు. ఆ శాసనం అతని తండ్రి పేరును నేటికీ పలుకుతున్నది.

ఆర్జించినది రేవు వలె పూడిపోతుంది, అర్పించినది నిలుస్తుంది. దేశాంతరమేగిన పుత్రుడు తన ఆర్జనలో ఒక పాలు ధర్మానికి, తన కాలంలో ఒక పాలు మాతాపితృసేవకు కేటాయించినచో, అతడు స్వధర్మతీరాన్ని విడువనట్లే.