గృహము వర్షించుచున్నది

పిల్లలూ, మీ తెలుగు వాచకంలో పాఠం చివర పర్యాయపదాలు వ్రాయమని వుంటుంది గదా! నీరు అంటే జలము, ఉదకము, సలిలము అని వల్లిస్తారు. వీటితో చక్కని ఆట ఒకటి వున్నది.

నీటి పేరు ఏదైనా తీసుకోండి. దాని చివర "జము" చేర్చితే నీటిలో పుట్టినది, అంటే తామర. "దము" చేర్చితే నీటినిచ్చేది, అంటే మేఘం. "ధి" చేర్చితే నీటికి నిలయం, అంటే సముద్రం. జలజము, జలదము, జలధి. వారిజము, వారిదము, వారిధి. ఇలాగే అంబు, నీర, తోయ అనే వాటికి కూడా చేర్చి చూడండి. అయిదు పేర్లతో పదిహేను మాటలు వచ్చాయి!

మన కవులకు యీ సంపద లేకపోతే పని జరగదు. ఉత్పలమాలలో పాదానికి 20 అక్షరాలు. మొదటి అక్షరంతో పదవ అక్షరానికి యతి కుదరాలి. "వా" అని ఎత్తుకున్న కవికి పదవచోట కమలము పనికిరాదు, వారిజము చక్కగా కూర్చుంటుంది. అందుకే పూర్వం పిల్లలచేత అమరసింహుడి అమరకోశం కంఠస్థం చేయించేవారు. అందులో చెట్టుకు పాదపమని ఒక పేరు. పాదాలతో, అంటే వేళ్ళతో, నీరు త్రాగేది. ఏనుగు ద్విపము. తొండంతో ఒకసారి, నోటితో ఒకసారి త్రాగుతుంది గనక! నాకు మాత్రం యీ రెండు పేర్లూ మహా యిష్టం.

అయితే ఒక మాట తీసి యింకొకటి పెట్టటం అన్నిచోట్లా సాగదు. 1988లో నేను శ్రీకాకుళం జిల్లాలో ఒక పల్లె బడిలో తెలుగు చెప్పేవాణ్ణి. తొమ్మిదో తరగతిలో ఒక కుర్రవాడికి పర్యాయపదాలంటే పిచ్చి. తండ్రి భిలాయిలో కూలిపని చేస్తూ వుండేవాడు. తల్లికి చదువు రాదు. వానాకాలంలో ఒకనాడు ఆవిడ కొడుకును వెంటబెట్టుకుని, చేతిలో వుత్తరంతో వచ్చింది.

"చూడండి మేష్టారూ, ఇల్లు సంగతి రాయిస్తే వీడి నాన్న ఆవుకు వైద్యం రాశాడు!" అన్నది.

ఏం వ్రాశావురా అని అడిగాను. వాడు గర్వంగా అప్పజెప్పాడు:

"ధేనువు ప్రసవించినది. గృహము వర్షించుచున్నది. కుడ్యము ఆర్ద్రమైనది. ఏమి చేయవలెనో క్షీరము పోవుట లేదు."

తల్లి చెప్పినది యిది: "ఆవు ఈనింది. ఇల్లు కురుస్తోంది. గోడ నానిపోయింది. ఏం చెయ్యాలో పాలుపోవటం లేదు."

ఆ తండ్రి చదివినది మూడో తరగతి. ఇల్లు వర్షించటమేమిటో, కుడ్యమేమిటో ఆయనకు అంతుబట్టలేదు. ఆవు ఈనిందనీ, పాలు రావటం లేదనీ మాత్రం గ్రహించాడు. ఉలవలు వుడికించి పెట్టమని వ్రాశాడు. కప్పుకు డబ్బు వస్తుందని ఎదురుచూసిన ఆవిడ యింట్లో అప్పటికి ఒక మూల గోడ కూలింది.

తెలుగులో యిల్లు కురుస్తుంది గాని వర్షించదు. "పాలుపోవటం"లో వున్న పాలు ఏ ఆవూ యిచ్చేవి కావు. అవి విడదీయరాని జంటలు. వాడికి అదే చెప్పాను. కోప్పడలేదు; కుడ్యమనే మాట ఆ తరగతిలో మరొకడికి రాదు మరి!

బడి అరుగుమీదనే కొత్త కార్డు తీయించాను. తల్లి చెప్పింది, వాడు వ్రాశాడు. నాలుగు వాక్యాలు కాగానే వాడు తల ఎత్తి, "ఇంతేనా అమ్మా?" అన్నాడు, వెలితిగా.

"ఇంతేరా. ఇంకేం వుంది?" అన్నది తల్లి.

కొద్దిరోజులకు మనియార్డరు వచ్చింది. దాని కూపను మీద తండ్రి వ్రాశాడు: "ముందు తాటాకు వేయించు. ఆవు పాలు యిస్తున్నదా?"