కాన్వెంట్ గోడల వెనక

మనకు కాన్వెంట్ అంటే టై, బెల్టు, టిఫిన్ బాక్స్. వీధి చివరి ఇంగ్లిష్ మీడియం బడికి కూడా అదే పేరు. నేను చదివినచోట మాత్రం నిజంగానే సిస్టర్లు ఉండేవాళ్లు. వర్షం వస్తే గొడుగు పట్టి మమ్మల్ని ఆటో దాకా దింపేవాళ్లు.

అందుకేనేమో, ఓ రాత్రి ఫోన్‌లో 'కిల్లర్ నన్' పోస్టర్ కనిపించగానే ఆగిపోయాను. 1979 నాటి ఇటలీ సినిమా. మార్ఫిన్‌కు అలవాటుపడిన నన్‌గా అనితా ఎక్‌బర్గ్. అబద్ధం ఎందుకు, సినిమా మీద గౌరవంతో కాదు, కక్కుర్తితోనే చూశాను. ఇయర్‌ఫోన్స్ పెట్టుకుని, బ్రైట్‌నెస్ తగ్గించి మరీ!

ఈ బాపతు సినిమాలను నన్‌స్ప్లాయిటేషన్ అంటారు. 1971లో కెన్ రస్సెల్ 'ది డెవిల్స్' సంచలనం అయ్యాక ఇటలీలో వరసగా వచ్చాయి. ఎత్తైన గోడలు, కర్కశమైన మదర్ సుపీరియర్, అణచుకున్న కోరికలు, కొరడా దెబ్బలు. కథ ఓ సాకు, అమ్మేది మాత్రం ఒళ్లు.

అలా చూస్తూ చూస్తూ 1969 నాటి 'ది నన్ ఆఫ్ మోంజా' దగ్గరికొచ్చాను. అది నిజంగా జరిగిన కథ. మరియానా డి లేవా గొప్పింటి పిల్ల. పదమూడేళ్లకే మఠంలో చేర్చారు. పెద్దయ్యాక పొరుగింటి యువకుడితో ప్రేమ, బిడ్డ, ఆ గుట్టు దాచడానికి ఓ హత్య. 1608లో శిక్ష వేసి ఓ చిన్న గదిలో పెట్టి గోడ కట్టేశారు. 1622లో ప్రాణాలతో బయటికొచ్చింది.

అసలు అంత చిన్నపిల్లల్ని మఠంలో ఎందుకు వేసేవాళ్లు? వెతికితే తేలింది: కట్నం! మఠానికీ కట్నం ఇవ్వాలి. కాకపోతే పెళ్లి కట్నం కన్నా చాలా తక్కువ. ఆస్తి చీలదు, పరువూ నిలుస్తుంది.

అక్కడ ఫోన్ పక్కన పెట్టేశాను. నాకు ముగ్గురు మేనత్తలు. ఇద్దరి కట్నాలకే మూడెకరాలు పోయాయి. చిన్నత్త పెళ్లి మాట ఇంట్లో ఎవరూ ఎత్తలేదు. "దానికి ఇష్టం లేదు" అనేవాడు తాతయ్య.

దిదెరో నవల ఆధారంగా జాక్ రివెట్ తీసిన 'ది నన్' మొదట్లోనే, ప్రమాణం చేయాల్సిన అమ్మాయి అందరి ముందూ 'చేయను' అంటుంది. ఒళ్లు చూపించి అమ్ముకున్న సినిమా కాదది. అయినా 1966లో ఫ్రాన్స్ ప్రభుత్వం దాన్ని నిషేధించింది. మరుసటి ఏడాదికి గానీ విడుదల కాలేదు. మిగతా సినిమాల్లో కెమెరా ఆ పిల్లల్ని కన్నార్పకుండా చూస్తుంది, నీకిష్టమేనా అని అడగదు. చూస్తున్న నేనూ అడగలేదు.

మొన్న పండక్కి వెళ్లినప్పుడు అడిగాను. "అత్తా, నీకు నిజంగానే పెళ్లి ఇష్టం లేదా?"

తాలింపు గరిట చేతిలో అలాగే ఆగింది.

"అప్పుడు ఎవరైనా అడిగుంటే చెప్పేదాన్ని కదా" అంది.