మీసాల నాగమ్మ

హైదరాబాదుకు తూర్పున ఉన్న ఉప్పల్, నాచారం పేర్లు వినగానే ఎవరికైనా పారిశ్రామికవాడలు, కర్మాగారాలు గుర్తుకు వస్తాయి. ఆ నాచారానికి వెండితెరతోనూ బంధుత్వం ఉంది. నందమూరి తారక రామారావు కుటుంబం అక్కడ రామకృష్ణ హార్టికల్చరల్ స్టూడియోస్‌ను నెలకొల్పింది. తోటనూ నటననూ ఒకే పేరులో కలుపుకొన్న ఆ స్థలం వెనుక నలభై నాలుగేళ్ళ నటజీవితం ఉంది.

కృష్ణా జిల్లా నిమ్మకూరులో 1923 మే 28న జన్మించిన రామారావు విజయవాడలో కళాశాల విద్యార్థిగా ఉన్నప్పుడు, గురువు విశ్వనాథ సత్యనారాయణ ఆయనకు ‘రాచమల్లు దౌత్యం’ నాటకంలో నాగమ్మ పాత్ర ఇచ్చారు. స్త్రీ వేషానికి అంగీకరించిన ఆ యువకుడు మీసం తీయడానికి మాత్రం ససేమిరా అన్నాడు. మీసంతోనే రంగమెక్కి ‘మీసాల నాగమ్మ’ అనిపించుకున్నాడు. పాత్ర కన్నా తన రూపమే ముఖ్యమని భావించిన వయసది.

1947లో లభించిన సబ్ రిజిస్ట్రారు ఉద్యోగాన్ని మూడు వారాలకే వదిలిపెట్టి ఆయన మద్రాసు చేరారు. 1949లో ‘మనదేశం’లో చిన్న పోలీసు పాత్రతో తెరపైకి వచ్చారు. 1951లో ‘పాతాళభైరవి’ ఆయనను జానపద కథానాయకుణ్ణి చేసింది. అయినా అన్ని వేషాలూ వెంటనే అమరలేదు. ‘సొంతవూరు’లో కృష్ణుడుగా కనిపించినప్పుడు ప్రేక్షకులు మెచ్చలేదు. అందువల్ల ‘మాయాబజార్’లో మళ్ళీ ఆ పాత్ర ధరించడానికి ఆయన జంకారు. దర్శకుడు కె.వి.రెడ్డి పట్టుబట్టి ఒప్పించి, వేషధారణ, నడక, చూపు వంటి ప్రతి అంశంలోనూ శ్రద్ధ తీసుకున్నారు. 1957లో ఆ చిత్రం విడుదలైన తరువాత తెలుగువారు కృష్ణుణ్ణి వేరొక రూపంలో ఊహించుకోలేకపోయారు.

నలభై ఏళ్ళు నిండకముందే, 1962లో, ఆయన నెరసిన గడ్డంతో భీష్ముడయ్యారు. మరుసటి ఏడాది ‘నర్తనశాల’లో బృహన్నల పాత్ర కోసం వెంపటి చినసత్యం వద్ద కూచిపూడి నాట్యం అభ్యసించారు. అప్పటికే అగ్రనటుడైన ఆయన శిష్యునిలా అడుగులు నేర్చుకున్నారు. ఒకనాడు నాగమ్మ కోసం మీసం తీయనన్న మనిషే బృహన్నల కోసం దేహాన్నంతటినీ కొత్తగా మలచుకున్నాడు. ఆయన నటజీవితంలోని అసలు ప్రయాణం ఇదే.

కాలం ఆయనను కూడా పరీక్షించింది. 1972లో ‘బడిపంతులు’లో వృద్ధ ఉపాధ్యాయుడుగా కంటతడి పెట్టించారు. అందులో మనుమరాలుగా నటించిన శ్రీదేవి, 1979లో ‘వేటగాడు’లో ఆయన సరసన నాయిక అయింది. కాసుల వర్షం కురిసినా, వయసుకు తగిన పాత్ర ఏదన్న ప్రశ్న మాత్రం మిగిలింది. అయితే యాభై మూడేళ్ళ వయసులో స్వీయ దర్శకత్వంలో తీసిన ‘దానవీరశూర కర్ణ’లో కర్ణుడు, సుయోధనుడు, కృష్ణుడు ముగ్గురూ తానే అయి, 1977 సంక్రాంతికి ఆ ప్రశ్నకు ముందుగానే ఒక సమాధానం చెప్పి ఉన్నారు.

1982లో ఆయన రాజకీయాల్లో ప్రవేశించారు. మరుసటి ఏడాది ముఖ్యమంత్రి అయ్యారు. 1993లో ‘శ్రీనాథ కవిసార్వభౌముడు’గా ప్రేక్షకుల ముందు నిలిచారు. 1996 జనవరి 18న కన్నుమూశారు.

కీర్తి వచ్చిన తరువాత నేర్చుకోవడం మానివేసేవారు అనేకులు. కీర్తి శిఖరాన ఉండగా గురువు ముందు నిలిచి మొదటి అడుగు నేర్చుకోవడానికి సిగ్గుపడనివాడే కళాకారుడు. మీసాల నాగమ్మ బృహన్నలగా మారిన కథ యువతకు చెప్పే పాఠం ఇదే.