గింజ వచ్చింది... సున్నం రాలేదు!

వానాకాలం సాయంత్రం విశాఖ రామకృష్ణా బీచ్‌కి వెళ్తే, అలల హోరుతో పాటే కాలుతున్న మొక్కజొన్న పొత్తుల వాసన పలకరిస్తుంది. బొగ్గుల మీద చిటపటలాడిన పొత్తుకి ఉప్పూకారం అద్ది, నిమ్మచెక్కతో రుద్ది చేతికిస్తారు. ఊరివాళ్లకి మొక్కజొన్నతో చుట్టరికం చాలావరకు అక్కడితో సరి. మహా అయితే సినిమాహాల్లో పాప్‌కార్న్‌, హోటల్లో స్వీట్‌కార్న్‌ సూపు. ఈ పంట పుట్టిన మెక్సికోలో మాత్రం ఆ గింజ మనకి అన్నంలాంటిది. పండగొస్తే పెద్ద గుండిగలో పంది మాంసంతో కలిసి గంటలతరబడి ఉడుకుతుంది. ఆ పులుసు పేరు పొసోలే. దాన్ని విశాఖలో వండుకోవచ్చా? భేషుగ్గా! కావలసిన సరుకంతా ఊళ్లోనే ఉంది. తెలియాల్సిన కిటుకు ఒక్కటే. అది కిళ్లీకొట్టు సున్నం డబ్బాలో ఉంది.

పువ్వులా విచ్చే గింజ

సుమారు 9 వేల ఏళ్ల కిందట మెక్సికోలో ఓ అడవి గడ్డిని మచ్చిక చేసుకుంటే పుట్టిన పంట మొక్కజొన్న. ఎండిన గింజ పైపొట్టు చాలా గట్టిది, ఎంత ఉడకబెట్టినా నోటికి అడ్డం పడుతుంది. అక్కడివాళ్లు దానికో ఉపాయం కనిపెట్టారు. సున్నం కలిపిన నీళ్లలో, లేదంటే కట్టెల బూడిద కలిపిన నీళ్లలో గింజల్ని ఉడికించి రాత్రంతా నానబెట్టారు. తెల్లారేసరికి పొట్టు జారిపోతుంది. ఆ గింజల్ని మళ్లీ ఉడికిస్తే ఉబ్బి పువ్వులా విచ్చుకుంటాయి. పొసోలేకి ప్రాణం ఆ గింజలే.

పంది తర్వాత వచ్చి చేరింది. స్పెయిన్‌వాళ్లు 16వ శతాబ్దంలో వెళ్లేదాకా ఆ దేశంలో ఇప్పటి పెంపుడు పందులు లేవు. అంటే వాళ్ల పండగ వంటలో పంది అతిథి. మన వంటల్లో మిరపకాయ సంగతీ అంతే, అదీ అమెరికా ఖండం నుంచి ఓడెక్కి వచ్చిందే. ఇప్పుడు పొసోలే ఎరుపు, తెలుపు, ఆకుపచ్చ రంగుల్లో చేస్తారు. సెప్టెంబరు 15 రాత్రి, స్వాతంత్య్ర దినోత్సవ సంబరాల్లో అది లేని ఇళ్లు తక్కువ.

సున్నం మరిచినందుకు...

కొలంబస్‌ ప్రయాణాల తర్వాత మొక్కజొన్న యూరప్‌ చేరింది. పోర్చుగీసువాళ్ల ఓడల కాలంలో మన దేశానికీ వచ్చింది. మనవాళ్లు దానికి జొన్న పేరు కలిపి ఇంటిదాన్ని చేసుకున్నారు. అయితే ఎక్కడికెళ్లినా గింజే వెళ్లింది, సున్నం వెంట వెళ్లలేదు. దాని ఫలితం చిన్నది కాదు.

మొక్కజొన్నలోని బి3 విటమిన్‌లో ఎక్కువ భాగం మన ఒంటికి అందని రూపంలో బంధించి ఉంటుంది. సున్నపు నీళ్లు ఆ బంధాన్ని విప్పుతాయి. ఆ పని చేయకుండా, పాలూ మాంసమూ లేకుండా, మూడుపూటలా మొక్కజొన్నే తిన్న పేదలకు పెల్లాగ్రా వచ్చింది. ఎండ తగిలినచోట చర్మం కమిలిపోవడం, విరేచనాలు, మతి చెదరడం, ఆఖరికి ప్రాణం పోవడం దాని వరస. స్పెయిన్‌లో 1735లోనే గాస్పర్‌ కాసల్‌ అనే వైద్యుడు దీన్ని వర్ణించాడు. అమెరికా దక్షిణ రాష్ట్రాల్లో 20వ శతాబ్దం మొదట్లో వేలమందిని బలిగొంది. అంటురోగమని అంతా భయపడుతుంటే, 1914 నుంచి పరిశోధించిన జోసెఫ్‌ గోల్డ్‌బర్గర్‌ లోపం తిండిలోనే ఉందని తేల్చాడు. ఆ విటమిన్‌ ఏమిటో 1937లో తెలిసింది.

ఈ జబ్బు తెలుగునేలకీ కొత్తకాదు. దక్కన్‌లో జొన్నలే ఆధారంగా బతికిన పేదల్లో ఇది కనిపించేది. హైదరాబాద్‌లోని జాతీయ పోషకాహార సంస్థ శాస్త్రవేత్తలు సి.గోపాలన్‌, ఎస్‌.జి.శ్రీకంటియా 1960లో దీనిమీద లాన్సెట్‌ పత్రికలో రాశారు. జొన్నలో ఎక్కువగా ఉండే ల్యూసిన్‌ అనే పదార్థం వైపు వాళ్లు వేలు చూపించారు. ఆ వాదన మీద తర్వాత చాలా చర్చే జరిగింది. జొన్న కథ వేరు, మొక్కజొన్న కథ వేరు. కానీ ఒక్క ధాన్యం మీదే బతుకు వెళ్లదీయాల్సి వస్తే ఏమవుతుందో రెండూ చెబుతాయి.

ఉక్కుకీ కావాలి, గింజకీ కావాలి

సున్నం విలువ విశాఖకి వేరే చెప్పాలా! 1992లో జాతికి అంకితమైన ఉక్కు కర్మాగారానికి జగ్గయ్యపేట గనుల సున్నపురాయి ఉంది. కొలిమిలో ఇనుప ఖనిజంలోని మలినాల్ని పట్టుకుని విడదీసే పని దానిదే. పొయ్యిమీద గింజ పొట్టును విడదీసేదీ ఆ రాయి నుంచి వచ్చే సున్నమే. కిళ్లీకి రాసే తెల్ల సున్నం చాలు, రంగూ వాసనా కలపనిది చూసుకోవాలి. గోడలకు కొట్టే సున్నం జోలికి మాత్రం పోవద్దు.

గింజల దగ్గరే కాస్త జాగ్రత్త. స్వీట్‌కార్న్‌ ఇందుకు పనికిరాదు, పాప్‌కార్న్‌ గింజ విచ్చుకోదు. బాగా ముదిరి ఎండిన మామూలు మొక్కజొన్న కావాలి. పూర్ణామార్కెట్‌ లాంటి చోట ధాన్యం కొట్లలో అడగొచ్చు, పాడేరు, అరకు వైపు సంతల్లోనూ చూడొచ్చు. విత్తనాలకని మందు పట్టించి రంగు వేసినవి తినకూడదు.

వండే తీరు

అరకిలో గింజలకి రెండు లీటర్ల నీళ్లు, చిన్న చెంచాడు సున్నం. స్టీలు గిన్నెలోనే పెట్టాలి, అల్యూమినియం వద్దు. సన్నని సెగమీద ముప్పావుగంట ఉడికించి, మూతపెట్టి రాత్రంతా వదిలేయాలి. పొద్దున్నే నాలుగైదు నీళ్లు మారుస్తూ అరచేతులతో రుద్దితే పొట్టు పోతుంది. గింజ అడుగున ఉన్న గట్టి మొనను గోటితో గిల్లేస్తేనే బాగా విచ్చుకుంటుంది. ఇంటిల్లిపాదీ కూర్చుని కబుర్లాడుతూ చేయాల్సిన పనిది! తర్వాత మంచినీళ్లు పోసి, కుక్కర్లో సన్నమంట మీద గంటసేపు ఉంచాలి. విచ్చుకోకపోతే ఇంకాసేపు.

ఇంకో గిన్నెలో ఎముకలతో ఉన్న కిలో పంది మాంసాన్ని ఉల్లిపాయ, వెల్లుల్లి, ఉప్పు వేసి మెత్తగా ఉడికించాలి. పంది మాంసం ఎక్కడా పచ్చిగా మిగలకూడదు. కారానికి గుంటూరు మిరప వద్దు, పులుసు నోట పెట్టలేరు. రంగెక్కువ, ఘాటు తక్కువ ఉండే బ్యాడిగి మిరపకాయలు పది తీసుకుని, గింజలు దులిపి, వేణ్నీళ్లలో నానబెట్టి, వెల్లుల్లితో మెత్తగా నూరి వడకట్టాలి. ఆ ముద్దను నూనెలో వేయించి మాంసం, గింజలు, రసంతో కలిపి మరో అరగంట మరగనివ్వాలి. అక్కడివాళ్లు వేసే ఒరెగానో ఆకు బదులు పెరట్లోని వామాకు రెండు రెబ్బలు చాలు. బజ్జీలకే పరిమితమైన ఆ ఆకుని కరీబియన్‌ దీవుల్లో ఒరెగానో అనే పిలుస్తారు.

పంది అనగానే చాలా ఇళ్లలో మొహం చిట్లిస్తారు. నష్టం లేదు, మెక్సికోలోనూ కోడితో చేసుకునేవాళ్లు బోలెడుమంది. నాటుకోడి అయితే మరీ మంచిది.

వడ్డించేటప్పుడు సన్నగా తరిగిన క్యాబేజీ, ముల్లంగి చక్రాలు, ఉల్లిపాయ ముక్కలు, నిమ్మచెక్కలు పళ్లెంలో పక్కన పెట్టాలి. అవన్నీ రైతుబజారు సరుకే. ఎవరికి కావలసినంత వాళ్లు వేసుకుంటారు. వేడి పులుసులో చల్లని ముల్లంగి కరకరలాడుతుంటే, మెత్తబడిన గింజ నోట్లో కండపట్టి తగులుతుంటే, ఇది పొత్తులు కాల్చుకునే మొక్కజొన్నేనా అనిపిస్తుంది.

మరో మాట. పొట్టు తీసిన గింజల్లో గుప్పెడు, కుక్కర్లో పెట్టకముందే పక్కన తీసి ఉంచండి. తడి ఆరకుండా మెత్తగా రుబ్బి రొట్టె తట్టి చూడండి. మామూలు మొక్కజొన్న పిండి రొట్టె అంచులు విరిగిపోతాయి. ఇది సాగుతుంది, పెనం మీద పొంగుతుంది కూడా. చిటికెడు సున్నం తేడా అదీ!