మారుటేరులో ముప్ఫై రెండు మళ్లు

పెనుగొండ దాటి మారుటేరు చేరేసరికి ఉదయం ఏడున్నర. దాళ్వా కోతల రోజులు. 1925 నాటి ఇక్కడి వరి పరిశోధన కేంద్రం సంగతి గోదావరి జిల్లాల్లో ఎవరికీ చెప్పక్కర్లేదు. స్వర్ణ, అదే ఎంటీయూ 7029, 1982లో బయటికొచ్చింది ఇక్కడి నుంచే. నేను వెళ్లింది మాత్రం కొత్త వంగడాల కోసం కాదు. ఒక రకం ఇంకోదాని కన్నా మెరుగని వీళ్లు ఎలా తేలుస్తారో చూద్దామని.

దానికి ఇంటి కారణం ఉంది. చాలా ఏళ్ల కిందట కొట్టువాడు అంటగట్టిన గుళికల మందుని మా నాన్న పరీక్షించారు. కాలవ పక్క చేలో చల్లి, శివారు చేను వదిలేశారు. కాలవ పక్కది ఎకరానికి నాలుగు బస్తాలు ఎక్కువ పండింది. ఆ మందు మూడేళ్లు కొన్నాం. "ఆ చేను ఏటా ఎక్కువే పండుద్ది కదా" అని మా అమ్మ అన్న మాట ఎవరూ చెవిన పెట్టలేదు.

మళ్లు చూపించిన శాస్త్రవేత్త ఇది విని నవ్వలేదు. "అందరూ చేసేది అదేనండీ. మేం కాలవని కూడా లెక్కలోకి తెస్తాం, అంతే తేడా" అన్నారావిడ.

ఎనిమిది రకాలు, అందులో ఒకటి పోలికకు పెట్టిన పాత రకం. ఒక్కొక్కటీ నాలుగేసి చోట్ల, మొత్తం 32 మళ్లు. బోదెకు సమాంతరంగా నాలుగు పట్టీలు తీసి, ప్రతి పట్టీలో ఎనిమిది రకాలూ వేశారు. మొదటి పట్టీకి ఒండ్రు ఎక్కువ అందితే ఎనిమిదింటికీ అందుతుంది. పట్టీలో ఏది ఎక్కడన్నది చీటీలే తేల్చాలి. మనమే కలగలిపి పెట్టొచ్చుగా అన్నాను. "నన్ను పెట్టమంటే నాకు నచ్చిన రకం రోడ్డు పక్కకొచ్చేస్తుందండీ!"

ఈ పద్ధతికి రూపమిచ్చింది రోనాల్డ్ ఫిషర్. 1919లో ఇంగ్లండులోని రోథమ్‌స్టెడ్ వ్యవసాయ క్షేత్రంలో చేరి, ప్రయోగాల రూపకల్పన మీద 1935లో పుస్తకం రాశాడు. మన ఆంధ్రా యూనివర్సిటీలో లెక్కలు చదివిన సి.ఆర్. రావు కేంబ్రిడ్జిలో డాక్టరేటు చేసింది ఆయన దగ్గరే.

కొడవళ్లు దిగాయి. ముందు కోసింది అంచులు. ప్రతి మడికీ చుట్టూ రెండేసి వరసలు కోసి, దూరంగా వేరే కుప్ప వేశారు. బాగా పిలకలేసి, బరువైన కంకులతో ఉన్నది ఆ అంచు పైరే. "ఇంత మంచి పంట పక్కనెట్టేస్తున్నారేంటి?" అన్నాను కోత కోస్తున్న పెద్దాయనతో. "గట్టు పక్కది కదండీ, ఎండా గాలీ దానికే ఎక్కువ. లెక్కలోది కాదండీ" అన్నాడు, నడుం ఎత్తకుండానే.

మడి అయిదు మీటర్ల పొడవు, నాలుగు మీటర్ల వెడల్పు. అంచులు పోగా తూకానికి మిగిలేది 14 చదరపు మీటర్లు. అందులో ఒక్క కిలో పొరపాటు జరిగితే ఎకరానికి దాదాపు నాలుగు బస్తాల తేడా. మా నాన్న మందు మహత్యమంతా కాటాలో కిలో ఎత్తు! తేమ సంగతీ అంతే. 20 శాతం తేమతో పది కిలోలు తూగిన ధాన్యం, 14 శాతానికి లెక్కగడితే 9.3 కిలోలే.

ఆవిడ నోట్‌బుక్ వెనక పేజీలో, నాట్లకు ముందే సరిచూసుకోవాల్సినవి రాసి ఉన్నాయి. మొదటి ప్రశ్నే నన్ను ఆపేసింది: ఎన్ని కిలోల తేడా వస్తే తేడా అనుకుంటావు? కోత తర్వాత ఈ ప్రశ్న వేసుకుంటే, వచ్చిన అంకెకు తగ్గ జవాబే దొరుకుతుంది మరి. ఎలుక కొట్టిన మడి సంగతి చూసిన రోజే రాయాలట, తూకం చూశాక కాదు. కర్రల మీద రకాల పేర్లుండవు, నంబర్లే. తెగులు మార్కులు వేసే మనిషికి ఏది ఏ రకమో తెలియకూడదు. చివర ఎర్ర సిరాతో ఇంకోటి: ఒకే మడిలో పది కుదుళ్లు కొలిస్తే పది సాక్ష్యాలు కావు, ఒకటే. నన్నడిగితే, చదువుకున్నవాళ్లు ఎక్కువగా తప్పేది అక్కడే.

ఈ సార్వాకి మా అర ఎకరంలో పక్కపక్కనే జంటలుగా ఎనిమిది చిన్న మళ్లు కట్టించాను. ప్రతి జంటలో ఒకదానికి మందు, ఒకదానికి లేదు. బొమ్మాబొరుసూ మా అమ్మాయి వేసింది. ఏ మడికి మందు పడిందో నాన్నకు చెప్పలేదు. కోత నవంబరు ఆఖరులో.