కొండ రోడ్డు గీత

వేసవి సెలవులు అయిపోతే చాలు, మా చంద్రగిరి పిల్లలు హైదరాబాదు నుంచి ఫోన్ల నిండా రాక్షసబల్లి ఫొటోలతో దిగుతారు. బిర్లా సైన్స్ మ్యూజియంలో ఆ అస్థిపంజరం ముందు నిలబడి రెండు వేళ్ళు చూపించడం, వచ్చేయడం. దాని పేరేంట్రా అంటే ఒక్కరూ చెప్పరు. నాకు ఒళ్ళు మండేది అక్కడే.

అది కోటసారస్. ఎక్కడో అమెరికాది కాదు, మన గోదావరి లోయలో యామన్‌పల్లి దగ్గర బయటపడింది. జియలాజికల్ సర్వేలో పనిచేసిన యాదగిరిగారు 1988లో దానికి నామకరణం చేస్తూ ఆ పల్లె పేరునూ కలిపారు. అంత భారీ జంతువుకు పుర్రె దొరకలేదు, రెండు పళ్ళు మాత్రం దొరికాయి. పిల్లలకు చూపించాల్సింది ఆ లేని తలనే. వెతకడానికి ఇంకా మిగిలుందని తెలుస్తుంది కదా!

"మనూర్లో ఎందుకు దొరకదు తాతా?" అని ఓ పాప అడిగింది. ఎంత మంచి ప్రశ్న! మన రాళ్ళు మరీ పాతవి తల్లీ. కోట వెనక గుట్టంతా గ్రానైటు, కరిగిన రాయి భూమి లోపల చల్లారి గడ్డకట్టింది. ఈ సీమ గ్రానైటు వయసు సుమారు 250 కోట్ల ఏళ్ళు. రాక్షసబల్లులు పుట్టింది 23 కోట్ల ఏళ్ళ కిందట, అంతే.

అసలు మ్యూజియం తిరుమల కొండకు పోయే దారిలోనే ఉంది. ఘాట్ రోడ్డు పక్కన తెగిన రాయిలో కింద గ్రానైటు, పైన పొరలు పొరలుగా నగరి క్వార్ట్‌జైటు కనిపిస్తాయి. రెండూ కలిసే గీత దగ్గర ఇంచుమించు 80 కోట్ల ఏళ్ళ చరిత్ర లేదు. అక్కడ ఏ పొరా మిగల్లేదు. శిలాతోరణంతో పాటు దీన్నీ జాతీయ భూగర్భ స్మారకంగా గుర్తించారు. గోవిందా అంటూ ఎక్కే బస్సుల్లో ఎందరు ఆ గీత వైపు తల తిప్పుతారు?

నాకు ఆ గీత చూపించింది ఎదురింటి అన్న. ఎస్వీ యూనివర్సిటీలో జియాలజీ చదివేవాడు. వాళ్ళింట్లో బియ్యం డబ్బాల పక్కన రాళ్ళ అర ఒకటుండేది. మంగంపేట ముగ్గురాయి ముక్క నా చేతిలో పెట్టి, "పట్టుకో చూద్దాం" అనేవాడు. బూడిదరంగులో మామూలుగా కనిపించేది గానీ చెయ్యి కిందికి జారిపోయేది. నీటికంటే నాలుగున్నర రెట్లు బరువు దానికి. ఆ బరువు కోసమే చమురు బావులు తవ్వేటప్పుడు దాన్ని పొడిచేసి బురదలో కలుపుతారని, లోపలి ఒత్తిడికి బావి ఎగదన్నకుండా అదే అణిచిపెడుతుందని వాళ్ళమ్మ కాఫీకి పిలిచిందాకా చెప్తూనే ఉండేవాడు. పలుగురాయి, అభ్రకం, కడప నాపరాయి, అన్నీ చేతికిచ్చేవాడు.

మన రాజమహల్ మ్యూజియంలో విగ్రహాలున్నాయి, సంతోషం. పక్కన ఒక్క గది ఈ రాళ్ళకివ్వండి. అద్దాల వెనక మాత్రం పెట్టకండి. ముగ్గురాయిని ప్రతి పిల్లా ఎత్తి చూడాలి.