బోలుముల్లు చేప

మనుషుల్లో పేరు ముందు, మనిషి తరవాత. బారసాలనాటికి పసివాడి గుణగణాలు ఎవరికి తెలుసు? తాతగారి పేరో, ఇలవేలుపు పేరో పళ్ళెంలో పోసిన బియ్యంమీద రాసి, మూడుసార్లు చెవిలో చెప్పి, "ఇకనుంచి నువ్వు ఫలానా" అంటాం. శాంతమ్మ అని పేరు పెట్టుకున్నావిడ వీధి అదిరేట్టు పోట్లాడినా, ధనరాజు అప్పులపాలైనా అది పేరు చేసిన నేరం కాదు. పేరు పెట్టినవాళ్ళు కోరుకున్నది ఒకటి, పెరిగినవాళ్ళు అయినది మరొకటి.

రాళ్ళలో దొరికే చేపల సంగతి దీనికి పూర్తిగా తలకిందులు. అక్కడ చేప ముందు పుడుతుంది, ఈదుతుంది, చస్తుంది. కొన్నాళ్ళకు దాని వంశం యావత్తూ నశిస్తుంది. అది పడివున్న బురద రాయిగా మారుతుంది. కోట్ల యేళ్ళు గడిచాక ఏ పండితుడో ఆ రాయిని పగలగొట్టి, భూతద్దం పెట్టి చూసి, అప్పుడు తీరిగ్గా బారసాల చేస్తాడు. ఆ పేరు ఆశీర్వచనం కాదు, సాక్ష్యం. రాతిలో మిగిలిన నాలుగెముకలు చూసి చెప్పిన సాక్ష్యం.

తెలుగు పాఠాలు చెప్పుకుని బతికేవాడికి ఈ రాతిచేపల గొడవ ఎందుకని మీకు అనుమానం రావచ్చు. న్యాయమైన అనుమానమే. మా కాలేజీలో సైన్సు పిల్లలకు కూడా తెలుగు చెప్పాలి. వాళ్ళు నన్ను సహిస్తారు, నేను వాళ్ళను సహిస్తాను. అల్లా ఒకనాడు బహువ్రీహి సమాసం చెబుతున్నాను. 'ముక్కంటి' అంటే మూడు కన్నులు కాదు, మూడు కన్నులు కలవాడు. 'చక్రపాణి' అంటే చక్రమూ కాదు, చెయ్యీ కాదు. చక్రం చేతిలో కలవాడు. సమాసంలోని రెండు మాటలూ ఒకరినొకరు చూసుకోకుండా, బయట నిలబడ్డ మూడోవాడిని వేలు పెట్టి చూపిస్తాయి. బహువ్రీహి సొగసంతా అదే.

తరగతి అయిపోయాక ఒక కుర్రవాడు వరండాలో నన్ను ఆపాడు. సముద్రపుటొడ్డు పల్లెనుంచి వచ్చినవాడు. తండ్రి వేటకు వెళ్ళేవాడు. వాళ్ళ యింట్లో కాలేజీ గడప తొక్కినవాడు ఇతనే మొదలు.

"మేష్టారూ, మా జంతుశాస్త్రం పేర్లు కూడా ఇల్లాంటి సమాసాలేనా అండీ?" అన్నాడు.

"ఏం, ఎందుకడిగావు?"

"అవి గొంతు దిగడంలేదండీ. ఒక పేపరు పోయింది. ఈ నెలాఖరుకు మానేసి యింటికి వెళ్ళిపోదామనుకుంటున్నానండీ."

సముద్రంలో తెడ్డు వెయ్యడం నేర్చినవాడు మాటల్లో మునిగిపోతున్నాడు! నోట్సు పుస్తకం తీసి చూపించాడు. ఒక పేరు చుట్టూ, కాగితం చిరిగేదాకా, సిరాతో గీతలు గీసివున్నాయి. ఆ పేరు 'సీలకాంథస్'.

ఇద్దరం లైబ్రరీకి పోయి నిఘంటువు ముందు కూర్చున్నాం. అది గ్రీకు మాటల జంట. 'కోయిలోస్' అంటే బోలుగా వున్నది. 'అకాంథా' అంటే ముల్లు. రెండూ కలిసి లాటిన్ వేషం వేసుకుంటే సీలకాంథస్. విగ్రహవాక్యం చెప్పమన్నాను. కుర్రవాడు తడుముకోలేదు. "బోలు ముల్లు కలది" అన్నాడు. శుద్ధమైన బహువ్రీహి!

తరవాత ఒక్క క్షణం ఆగి, "ముల్లంటే చేపముల్లే గదండీ?" అన్నాడు.

నిజమే గదా! చెట్టుకుండేదీ ముల్లే, చేపలో వుండేదీ ముల్లే మనకు. గ్రీకువాళ్ళకూ అంతే; వాళ్ళ 'అకాంథా' తుమ్మముల్లుకూ చెల్లుతుంది, చేప వెన్నుకూ చెల్లుతుంది. పల్లెలో తల్లి పిల్లవాడికి "ముల్లు చూసుకు తినరా" అని చెప్పే మాటే, వేలమైళ్ళ అవతలివాళ్ళ మాటతో అర్థంలో చెయ్యి కలిపింది. ఆ కుర్రవాడి ముఖంలో అంతకుముందు లేని వెలుగొకటి కనిపించింది. 'బోలుముల్లు చేప' అని తనే నోట్సులో రాసుకున్నాడు.

ఈ పేరు పెట్టినవాడు లూయీ అగాసీ అనే స్విస్ పండితుడు. రాతిచేపలమీద మహాగ్రంథం రాసినవాడు. ఇంగ్లండులోని పాతరాళ్ళలో దొరికిన ఒక చేప తోకను పరిశీలిస్తే, తోక రెక్కకు ఆధారంగా వున్న ముళ్ళు గట్టి ఎముకలు కావు, గొట్టాల్లాగా బోలుగా వున్నాయి. అది చూసి 1839లో ఆయన ఈ పేరు పెట్టాడు. ఆ చేప బతికిన కాలం సుమారు 25 కోట్ల యేళ్ళ నాటిది. క్రమంగా ఇలాంటి చేపలు ఇంకా ఎన్నో రకాలు రాళ్ళలో బయటపడ్డాయి. అన్నిటికీ కలిపి ఇదే ఇంటిపేరయింది. రాక్షసిబల్లుల కాలం ముగిసిన తరవాతి రాళ్ళలో, అంటే సుమారు 6 కోట్ల 60 లక్షల యేళ్ళ ఇవతల, వీటి జాడ లేదు. కనక ఈ వంశం నశించిందని పండితులంతా తీర్మానించారు. పేరు పెట్టడమూ, తద్దినం పెట్టడమూ రెండూ పూర్తయినాయన్నమాట.

తద్దినం పెట్టినవాడు గుమ్మంలో నిలబడితే యెల్లా వుంటుంది? 1938 డిసెంబరు 22వ తేదీన అదే జరిగింది. దక్షిణాఫ్రికాలో ఈస్ట్ లండన్ అనే రేవుపట్నం వుంది. అక్కడి చిన్న మ్యూజియాన్ని చూసుకునే మార్జోరీ కోర్ట్‌నే లాటిమర్ అనే యువతి, వింతచేపలు పడితే తనకు కబురు చెయ్యమని వేటపడవల వాళ్ళకు చెప్పివుంచింది. గూసెన్ అనే కెప్టెన్ పడవలో ఆనాడు పడ్డ చేపల కుప్పలోనుంచి ఒక నీలిరెక్క బయటికి కనిపించింది. చేపను తీయించి చూస్తే అయిదడుగుల పొడవు; ఒంటినిండా కవచంలాంటి పొలుసులు; రెక్కలు కాళ్ళలాగా కండపట్టి వున్నాయి. ఆ కంపుతో దాన్ని కారులో ఎక్కించుకోనని టాక్సీవాడు మొరాయించాడట! ఎల్లాగో బతిమాలి తీసుకువెళ్ళింది. బొమ్మ గీసి, జె. ఎల్. బి. స్మిత్ అనే ఆయనకు ఉత్తరం రాసింది. స్మిత్‌గారు కాలేజీలో రసాయనశాస్త్రం చెప్పేవారు. చేపలు ఆయనకు వ్యసనం. రసాయనాల మేష్టారు చేపల్లో వేలు పెట్టగా లేనిది, తెలుగు మేష్టారు పెడితే తప్పా అని ఈ కథ చెప్పినప్పుడల్లా మా ఆవిడతో అంటూవుంటాను.

బొమ్మ చూడగానే స్మిత్‌గారికి తెలిసిపోయింది, ఇది చచ్చిపోయిందనుకున్న బోలుముల్లు వంశంలోదే అని. అగాసీ చూసిన చేపే కాదు. ఆ వంశంలో మరో శాఖ. కనక కొత్త పేరు కావాలి. 1939లో ఆయన పెట్టిన పేరు 'లాటిమేరియా చాలుమ్నే'. మొదటి మాట, చేపల కుప్పలో నీలిరెక్కను గుర్తుపట్టిన ఆ యువతి పేరు. రెండోది, దగ్గరలో సముద్రంలో కలిసే చాలుమ్నా నది పేరు. ఈ పేరులో ముల్లు లేదు, రెక్క లేదు. చూసిన కళ్ళున్నాయి, దొరికిన చోటుంది.

ఇక్కడ ఒక చమత్కారం వుంది. రెండో చేపకోసం స్మిత్‌గారు నూరు పౌన్ల బహుమానం ప్రకటించి, 14 యేళ్ళు ఎదురుచూశారు. 1952 డిసెంబరులో అది కొమొరో దీవుల్లో దొరికింది. చేప కుళ్ళిపోకముందే తెచ్చుకోవాలి. అప్పటి దక్షిణాఫ్రికా ప్రధాని మలన్ ఒక సైనిక విమానాన్ని ఇప్పించాడు. ఈ చేపకు వీపుమీద ఒక రెక్క తక్కువగా వుండటంతో, ఇది వేరే రకమనుకుని స్మిత్‌గారు కృతజ్ఞతగా 'మలానియా' అని పేరు పెట్టారు. తీరా చూస్తే ఆ రెక్క ఎప్పుడో దెబ్బతిని పోయినదే తప్ప రెండూ ఒకటే చేప! శాస్త్రంలో మొదట పెట్టిన పేరుకే చెల్లుబాటు. కనక విమానం ఇచ్చిన ప్రధాని పేరు రాలిపోయింది. టాక్సీవాణ్ణి బతిమాలిన అమ్మాయి పేరు నిలిచిపోయింది. పేర్ల లోకంలో ఇంతటి న్యాయం జరగడం అరుదు.

బతికివున్న చేప దొరికాక, అగాసీ పెట్టిన పేరు ఎంత చిన్న సాక్ష్యమో తేలింది. దాని ఒళ్ళు ముదురునీలం, దానిమీద తెల్లని మచ్చలు. రాయి ఆ రంగు చెప్పలేదు. గట్టి వెన్నెముకకు బదులు నూనెలాంటి ద్రవంతో నిండిన గొట్టం వుంటుంది. గుడ్లు పెట్టదు, 1975లో అమెరికాలో ఒక ఆడచేపను కోసిచూస్తే కడుపులో 5 పిల్లలు కనిపించాయి. ఇంతటి జీవిని మనం 'బోలుముల్లు' అంటున్నాం. అయినా పేరు తప్పని ఎవరూ మార్చలేదు. తనకు కనిపించిన ఒక్క నిజాన్ని చెప్పి, మిగతాదాన్ని తరవాతివాళ్ళకు వదలడం మంచి సాక్షి లక్షణం.

మన గడ్డకు కూడా ఈ వంశంతో చుట్టరికం వుంది. ప్రాణహిత, గోదావరి నదుల లోయలో, కోట అనే వూరి పేరుమీద పిలిచే పాత రాతిపొరలున్నాయి. జురాసిక్ యుగపు ఆ పొరల్లో దొరికిన ఒక చేపకు జైన్ అనే శాస్త్రజ్ఞుడు 1974లో 'ఇండోసీలకాంథస్ రోబస్టస్' అని పేరు పెట్టారు. దీన్ని చూసి మా కుర్రవాడు ఈసారి నిఘంటువు తెరవలేదు. "హిందూదేశపు గట్టి బోలుముల్లు" అన్నాడు. బోలుదే, గట్టిదే! ఇద్దరం నవ్వుకున్నాం.

ఆ నవ్వు మధ్యలోనే అతనొక ప్రశ్న వేశాడు. "ఆ కొమొరో దీవుల జాలర్లకు ఆ చేప ముందే తెలుసేమోనండీ. వాళ్ళేం పేరు పెట్టుకున్నారు?"

అసలు ప్రశ్న అది. పండితులు 'దొరికింది, దొరికింది' అని గంతులువేసిన ఆ చేప అక్కడి జాలర్ల గాలాలకు అప్పుడప్పుడూ పడుతూనే వుండేది. వాళ్ళు దాన్ని 'గోంబెస్సా' అంటారు. తినడానికి బాగుండదని వాళ్ళకు తెలుసు. 1997లో ఇండోనేషియాలోని మెనాడో సంతలో ఇల్లాంటిదే మరొకటి కనిపించింది. 1999లో ఆ వూరి పేరే తగిలించి 'లాటిమేరియా మెనాడోయెన్సిస్' అన్నారు. ఆ దీవి జాలర్లు అంతకుముందే దాన్ని 'రాజా లావుత్' అంటున్నారు. అంటే సముద్రరాజు. ప్రపంచం నశించిందనుకున్న చేపకు పల్లెల్లో పేరుంది. పేరున్నదంటే చేప వున్నదన్నమాటే. ఆ పేరు ముందే ఎవరి చెవినైనా పడివుంటే తద్దినం తప్పేది.

చెవినిబెట్టిన పెద్దమనిషి మన తీరంలోనే ఒకాయన వున్నాడు. పాట్రిక్ రస్సెల్ అనే స్కాట్లండు వైద్యుడు విశాఖపట్నంలో వుండి, అక్కడి చేపలకు బొమ్మలు వేయించి, వాటిని పల్లెవాళ్ళు పిలిచే తెలుగు పేర్లతోనే 1803లో అచ్చువేశాడు. ఆ పుస్తకం చూసి ఫ్రెంచి పండితుడు క్యూవియే, కానాగంత చేపకు 'కానగుర్త' అనే మాటనే శాస్త్రనామంగా తీసుకున్నాడు. ఇవాళ ప్రపంచంలో ఏ మూలనైనా దాని పేరు 'రాస్ట్రెల్లిగర్ కానగుర్త'. ముందుమాట లాటిన్, మొప్పల్లో పళ్ళదువ్వెనలాంటిది మోసేదని అర్థం. వెనకమాట మన రేవులో తట్ట మోసే ఆవిడది.

ఇది చెప్పినరోజున ఆ కుర్రవాడు చాలాసేపు మాట్లాడలేదు. తన నోట్సులో కానాగంత ఎన్నాళ్ళుగానో వున్నది. కాని అది తన యింటి మాటని అతనికి ఎవరూ చెప్పలేదు. కాలేజీ మానలేదు. ఆ పేపరు మరుసటి ప్రయత్నంలో గట్టెక్కాడు. వేసవి సెలవుల్లో యింటికి పోయి, తండ్రి దగ్గర కూర్చుని, చేపల పేర్లన్నీ ఒక పుస్తకంలో ఎక్కించుకు వచ్చాడు. చందువా, వంజరం, పండుగప్ప, నెత్తళ్ళు, కవళ్ళు... నూటికి పైగానే వున్నాయి. సముద్రంలో వున్నన్నాళ్ళు విలస, గోదావరికి ఎదురీదితే పులస అని, ఒకే చేపకు బతుకు మారితే పేరు మారడం కూడా రాశాడు. అందులో సగం తనకే కొత్తవట.

పుస్తకం చివర ఒక పన్నెండు పేర్లకు ఎదురుగా ఏమీ రాయలేదు. ఎందుకని అడిగాను.

"అవి నా చిన్నప్పుడే వలకు పడటం మానేశాయటండీ. ఎల్లా వుంటాయో నాన్న చేతుల్తో చూపించాడు. నాకు తెలీలేదు" అన్నాడు.

ఆ చేపలు పోయినాయో, ఎక్కడికైనా తరలినాయో తేల్చవలసింది శాస్త్రజ్ఞులు. ఆ తండ్రి ఇప్పుడు వేటకు వెళ్ళడంలేదు. కొడుకు లెక్చరరు కావాలనుకుంటున్నాడు, అయి తీరుతాడు కూడా. ఆ పన్నెండు పేర్లూ పలికే నోరు ఆ యింట్లో ఒక్కటే మిగిలింది. చేప చస్తే ముల్లయినా రాతిలో మిగులుతుంది. కోట్ల యేళ్ళ తరవాతనైనా ఒక అగాసీ వచ్చి పేరు పెట్టవచ్చు. మాట చస్తే ముల్లుకూడా మిగలదు.

కనక ఈసారి మీ వీధిలోకి చేపలావిడ వస్తే, బేరం ఆడటానికి ముందు తట్టలో వున్నవాటి పేర్లడగండి. ఒక కాగితం మీద రాసుకోండి. శాకాహారులు కూడా నిరభ్యంతరంగా అడగవచ్చు. పేరుకు నీచు అంటదు.